బండి బలం తగ్గినప్పుడు: పసుపు దీపం, దాని వెనుక నంబరు



పంటల సంగతి చెప్పవలసిన మనిషి ఈ పూట మోటారు బండి సంగతి ఎత్తుకున్నాడేమిటా అని మీకు అనిపించవచ్చు. పంట పండించడం ఎంత పనో, పండినదాన్ని వేళకు మార్కెట్టుకు చేర్చడమూ అంత పనే గదా. ఎడ్లబండ్ల రోజుల్లో ఎద్దు మేత ముట్టకపోయినా, నెమరు వేయకపోయినా ఇంటిల్లిపాదికీ వెంటనే తెలిసేది. ఇవాళ ఆ ఎద్దు స్థానంలో పికప్పు బండి ఉన్నది, కారు ఉన్నది, ట్రాక్టరు ఉన్నది. వీటికి నోరు లేదు. కాని కొత్త బండ్లు తమ బాధ చెప్పుకోవడానికి ఒక దారి ఏర్పాటు చేశారు. ఒక పసుపు దీపం వెలుగుతుంది. దాని వెనుక ఒక నంబరు దాగి ఉంటుంది. ఆ నంబరును ఎట్లా చదవాలో, ఎంతవరకు నమ్మాలో ఈ పూట చెప్పుకొందాం.

ముందు జరిగిన సంగతి ఒకటి చెబుతాను. మా క్లస్టరులో ఒక రైతు అప్పు చేసి డీజిలు పికప్పు బండి కొన్నాడు. మిరప కోతల కాలంలో ముప్పై బస్తాలు ఎక్కించి, తెల్లవారకముందే వరంగల్లు ఏనుమాముల మార్కెట్టుకు బయలుదేరాడు. పది కిలోమీటర్లు పోయేసరికి అద్దం ముందర పసుపు దీపం వెలిగింది. అక్కడినుంచి ఎంత తొక్కినా బండి నలభై దాటలేదు. మార్కెట్టు చేరేసరికి ఆనాటి వేలం అయిపోయింది. రాత్రంతా బస్తాల దగ్గర పడుకొని, మర్నాడు అమ్ముకొని వచ్చాడు.

దారిలో ఒక మెకానిక్కు చిన్న యంత్రం తగిలించి చూసి, "ఏదో కోడ్ వచ్చింది, తీసేసిన" అన్నాడు. దీపం ఆరింది. మూడో రోజు మళ్ళీ వెలిగింది. ఇంకొక షాపులో, "పంపు పోయింది, మార్చాలె" అన్నారు. పదుల వేల రూపాయల మాట చెప్పారు. ఆ రైతు నా దగ్గరికి వచ్చి అడిగినది బండి సంగతి కాదు. "సారూ, బ్యాంకుల పంట అప్పు ఏమన్న పెంచుతరా? బండి గుంజుత లేదు. పంపుకు పైసలు కావాలె," అన్నాడు.

నేను మెకానిక్కును కాను. వ్యవసాయ డిప్లొమా చదివినవాణ్ణి. అయినా ఒక మాట అడిగాను. "అన్నా, ఆ కోడ్ నంబరు ఏదో రాసుకున్నవా?" అని. "నంబరెందుకు సారూ, పంపని చెప్పిండ్రు గద," అన్నాడు.

ఈ మాట విన్నప్పుడు నాకు మన వరి పొలం గుర్తుకు వచ్చింది. నాటిన రెండు మూడు వారాలకు వరి ఆకు పాలిపోతుంది. చాలామంది ఏం చేస్తారు? ఆకు పసుపు కాగానే యూరియా బస్తా విప్పుతారు. ఆకు పసుపు కావడానికి నత్రజని తక్కువ కావచ్చు. జింకు లోపం కావచ్చు. నీరు నిలిచి వేరు ఊపిరాడక కావచ్చు. జింకు లోపానికి యూరియా చల్లితే డబ్బు పోతుంది గాని పైరు తేరుకోదు. ఆకుమీద తుప్పు మచ్చలు చూసి, లీటరు నీటికి 2 గ్రాముల జింకు సల్ఫేటు కలిపి పిచికారీ చేస్తే తేరుకొంటుంది. పసుపు రంగు ఒక లక్షణం మాత్రమే. జబ్బు పేరు అది కాదు. పసుపు దీపమూ అంతే. దాని వెనుక ఉన్న నంబరూ అంతే. నంబరు చెప్పేది ఫిర్యాదు. తీర్పు మనం విచారించిన తరువాతనే చెప్పాలి.

ఇద్దరం కలిసి అనుభవమున్న ఒక పాత మెకానిక్కు దగ్గరికి పోయాము. ఆయన నంబరు చదివి కాగితం మీద రాసి ఇచ్చాడు. పి 0087. అంటే, ఇంజనుకు డీజిలు పంచే కామన్ రైలులో ఒత్తిడి ఉండవలసినంత లేదు అని అర్థం. పంపు పోయినా ఒత్తిడి తగ్గుతుంది, నిజమే. కాని పంపుకు డీజిలే సరిగా అందకపోయినా తగ్గుతుంది. ఆయన ముందుగా డీజిలు ఫిల్టరు విప్పాడు. అందులో నీళ్ళు, తుప్పు రంగు బురద కనిపించినవి. మన రైతు చేను దగ్గర పాత డ్రమ్ములో డీజిలు నిలవ ఉంచి, అందులోనుంచి బండికి పోస్తున్నాడు. ఫిల్టరు మార్చి, ట్యాంకు శుభ్రం చేసి, మంచి డీజిలు పోయగానే బండి మామూలుగా లాగింది. పంపు అవసరం పడలేదు.

ప్రతిసారీ ఇట్లాగే జరుగుతుందని నేను అనడం లేదు. ఒక్కొక్కప్పుడు నిజంగా పంపే పోతుంది. కాని చవక కారణాలన్నీ చూసిన తరువాతనే ఖరీదైన కారణం దగ్గరికి పోవాలి.

ఇక అసలు బండి బలం ఎందుకు తగ్గుతుందో తెలుసుకొందాం.

పాత డీజిలు ఇంజనుకు కంప్యూటరు లేదు. పంపు, నాజిలు, గవర్నరు, అంతా ఇనుము పని. తొక్కితే డీజిలు పడేది. గాలి చాలకపోతే నల్లటి పొగ వచ్చేది. కొత్త ఇంజను అట్లా కాదు. మన కాలి కింద ఉన్న పెడలు ఒక కోరికను మాత్రమే పంపుతుంది. ఎంత డీజిలు పోయాలి, ఏ క్షణాన పోయాలి అని నిర్ణయించేది కంప్యూటరు. దీన్ని మెకానిక్కులు ఈ.సి.యు. అనో, ఈ.సి.ఎం. అనో పిలుస్తారు. దీనికి కళ్ళూ చెవులూ సెన్సార్లు. ఒక సెన్సారు లోపలికి పోయే గాలిని కొలుస్తుంది. ఒకటి నీటి వేడిని కొలుస్తుంది. ఒకటి డీజిలు ఒత్తిడిని, ఇంకొకటి టర్బో తోసే గాలి ఒత్తిడిని కొలుస్తవి. ఇవి పంపే లెక్కలు సరిగా ఉన్నంతసేపు కంప్యూటరు నిండుగా బలం ఇస్తుంది.

ఏదైనా లెక్క తేడాగా వచ్చిందనుకోండి. ఇంజను పాడైపోకుండా ఉండడానికి, పొగ మితిమీరకుండా ఉండడానికి కంప్యూటరు డీజిలు తగ్గిస్తుంది. దీన్ని మెకానిక్కులు లింప్ మోడు అంటారు. మన మాటలో కుంటి నడక. కాలికి ముల్లు గుచ్చుకున్న ఎద్దు ఆ కాలు పూర్తిగా మోపకుండా ఇల్లు చేరుతుంది గదా, ఇదీ అట్లాంటిదే. బలం తగ్గడమే జబ్బు అనుకోవద్దు. చాలాసార్లు అది బండి తనను తాను కాపాడుకోవడం. కనుక ఆ సమయంలో ఇంకా బలంగా తొక్కడం, గేర్లు విరిచినట్టు మార్చడం, బరువు దించకుండా మిట్ట ఎక్కించడం మంచిది కాదు.

ఈ ఏర్పాటు నిన్న మొన్నటిది కాదు. 1980ల మధ్యకాలంలో అమెరికాలో క్రైస్లర్ కంపెనీ కార్లకు పవర్ లాస్ అనే పేరుతోనే ఒక దీపం ఉండేది. అంటే బలం పోయింది అని దీపం మీదనే రాసి ఉండేదన్నమాట. తాళంచెవిని అయిదు సెకండ్లలోపల వేసి, తీసి, వేసి, తీసి, మళ్ళీ వేస్తే ఆ దీపం మినుకుమినుకుమని కొట్టుకొనేది. ఒకసారి వెలిగి, కాస్త ఆగి, రెండుసార్లు వెలిగితే 12 అని లెక్క. బ్యాటరీ కనెక్షను ఈమధ్య తీశారని దాని అర్థం. 55 వచ్చిందంటే ఇక చెప్పవలసింది అయిపోయిందని అర్థం. ఆ రోజుల్లో ఒక్కొక్క కంపెనీది ఒక్కొక్క భాష. 1996 మోడలునుంచి అమెరికాలో కార్లన్నిటికీ ఒకే రకమైన సాకెట్టు, ఒకే రకమైన నంబర్లు తప్పనిసరి చేశారు. దాన్నే ఓ.బి.డి.-2 అంటారు. మన దేశంలో ఈ పద్ధతి మొదటి దశ 2010లో, రెండో దశ 2013లో వచ్చినవి. 2020 ఏప్రిల్ 1 నుంచి దేశమంతటా బి.ఎస్.-6 ప్రమాణం అమలు కావడంతో ఇది ఇంకా కట్టుదిట్టమైంది. 50 హార్సుపవరు మించిన ట్రాక్టర్లకు ట్రెమ్-4 ప్రమాణం 2023 జనవరి 1 నుంచి వచ్చింది. అందుచేత ఇది పట్నం కార్ల సంగతి మాత్రమే కాదు. మన చేలోకి కూడా వచ్చింది.

ఇక దీపాల సంగతి. తాళంచెవి తిప్పగానే, ఇంజను స్టార్టు కాకముందు, ఇంజను బొమ్మ ఉన్న పసుపు దీపం వెలగాలి. ఇంజను స్టార్టయిన కొద్దిసేపటికి ఆరిపోవాలి. అసలు వెలగనే వెలగకపోతే సంతోషపడవద్దు. దీపమైనా పోయి ఉండాలి, ఎవరైనా దాన్ని తీసైనా ఉండాలి. పాత బండి కొనేవారు ఈ ఒక్క సంగతి తప్పక చూసుకోవాలి.

నడుస్తుండగా పసుపు దీపం నిలకడగా వెలిగితే, నెమ్మదిగా గమ్యం చేరి త్వరలో చూపించుకోవాలి. పెట్రోలు కారులో అదే దీపం కొట్టుకొంటుంటే, ఏదో సిలిండరు సరిగా మండడం లేదని అర్థం. మండని పెట్రోలు పొగగొట్టంలోని ఖరీదైన క్యాటలిటిక్ కన్వర్టరును కాల్చివేస్తుంది. బలంగా తొక్కకుండా, వీలైనంత త్వరగా ఆపివేయాలి. ఇక ఎర్ర దీపం వేరు. ఆయిలు డబ్బా బొమ్మతోగాని, వేడి గుర్తుతోగాని ఎర్ర దీపం వెలిగితే పక్కకు తీసి ఇంజను ఆపవలసిందే. "ఇంకొక్క కిలోమీటరు" అని నడిపినవారు ఇంజను పోగొట్టుకుంటారు. వేడెక్కిన రేడియేటరు మూత వెంటనే విప్పవద్దు. మరిగిన నీళ్ళు మొహంమీద చిమ్ముతవి.

నంబరు ఎట్లా చదవాలో చూద్దాం. స్టీరింగు కింద, డ్రైవరు మోకాళ్ళ దగ్గర పదహారు పిన్నుల సాకెట్టు ఉంటుంది. అందులో స్కానరు తగిలిస్తారు. మన సెల్‌ఫోనుతో పనిచేసే చిన్న స్కానర్లు కూడా దొరుకుతున్నవి. గ్రామంలో పది బండ్లు ఉన్నచోట, రైతు సంఘమో, యువకులో కలిసి ఒకటి కొని ఉంచుకోవడం మంచిది.

నంబరులో ముందు ఒక అక్షరం, తరువాత నాలుగు స్థానాలు ఉంటవి. పి అంటే ఇంజను, గేరుబాక్సు పక్షం. సి అంటే బ్రేకులు, చక్రాల పక్షం. బి అంటే బాడీ పక్షం. యు అంటే కంప్యూటర్ల మధ్య మాటలు నడిచే వైర్ల పక్షం. తరువాతి అంకె 0 అయితే అన్ని కంపెనీలకూ ఒకే అర్థం. 1 అయితే ఆ కంపెనీ సొంత నంబరు. కనుక దాన్ని ఆ కంపెనీ పుస్తకంలోనే చూడాలి.

బలం తగ్గినప్పుడు తరచు కనిపించే నంబర్లు కొన్ని చెబుతాను. కాగితం, కలం ఉంటే రాసుకోండి.

మొదటిది పి 0087. ఇది ఇంతకుముందు చెప్పినదే. డీజిలు ఒత్తిడి తక్కువ. చూడవలసినవి: ఫిల్టరు మూసుకుపోయిందా, అందులో నీరు చేరిందా, పైపులో గాలి చొరబడుతున్నదా, డీజిలు ఎక్కడిది. ఈ వరుసన చూడండి. పంపు చివరిది.

రెండోది పి 0299. టర్బో తోసే గాలి ఒత్తిడి తక్కువ. దీనికి, "టర్బో పోయింది" అని వెంటనే అనేవారు ఉన్నారు. టర్బోనుంచి ఇంజనుకు పోయే రబ్బరు గొట్టాలు పగిలినవా, క్లిప్పులు వదులైనవా చూడాలి. గొట్టం చీలినచోట సాధారణంగా నూనె తడి, దుమ్ము అంటుకొని కనిపిస్తవి. తొక్కినప్పుడు బుస్సుమని చప్పుడు వినిపిస్తుంది. గాలి ఫిల్టరు కూడా చూడాలి. వరికోతల కాలంలో, మిరప కల్లాల దగ్గర తిరిగే బండికి గాలి ఫిల్టరు పుస్తకంలో రాసిన గడువుకంటె ముందే నిండిపోతుంది.

మూడోది పి 0101. లోపలికి పోయే గాలిని కొలిచే సెన్సారు లెక్క పొసగడం లేదు. ఇక్కడా గాలి ఫిల్టరు, గొట్టాలు, సెన్సారు మీది దుమ్ము, దాని వైరు ముందుగా చూడాలి.

నాలుగోది పి 0401. పొగలో కొంత భాగాన్ని తిరిగి ఇంజనులోకి పంపే ఇ.జి.ఆర్. దారిలో పొగ చాలినంత పోవడం లేదు. సాధారణంగా మసి పేరుకొని ఉంటుంది. శుభ్రం చేయించవచ్చు.

అయిదోది పి 0562. కరెంటు వోల్టేజి తక్కువ. బ్యాటరీ టెర్మినళ్ళకు తెల్లటి పొక్కు పట్టిందా, ఎర్తు వైరు వదులైందా, బెల్టు జారుతున్నదా చూడండి. వోల్టేజి సరిగా లేకపోతే సెన్సార్ల లెక్కలు తప్పిపోయి, ఒకేసారి అయిదారు నంబర్లు వరుస కడతవి. అప్పుడు మిగతా నంబర్ల వెంట పరుగెత్తకుండా ముందు బ్యాటరీ సంగతి సరిచేయాలి.

ఆరోది పి 2463. పొగలోని మసిని పట్టే డి.పి.ఎఫ్. అనే జల్లెడలో మసి ఎక్కువైంది. దీన్ని గురించి కొంచెం వివరంగా చెప్పాలి. డి.పి.ఎఫ్. తనలోని మసిని అప్పుడప్పుడు బాగా వేడెక్కి కాల్చివేసుకొంటుంది. ఆ వేడి ఆరువందల డిగ్రీల దాకా పోతుంది. బండి కొంతసేపు ఆగకుండా నడిస్తేనే ఇది పూర్తవుతుంది. మనం ఇంటినుంచి చేనుకు, చేనునుంచి ఊళ్ళోకి, రెండేసి కిలోమీటర్లు తిప్పి ఆపేస్తుంటే మసి కాలకుండా మిగిలిపోతుంది. డి.పి.ఎఫ్. దీపం వెలిగినప్పుడు బండి పుస్తకంలో చెప్పినట్టు పెద్ద రోడ్డుమీద నిలకడగా నడపాలి. మొదటి హెచ్చరికను లక్ష్యపెట్టకపోతే తరువాత బలం తగ్గుతుంది, ఆపైన వర్క్‌షాపులోనే శుభ్రం చేయించవలసి వస్తుంది.

ఇందులో రెండు జాగ్రత్తలు. మసి కాలుతున్న సమయంలో బండిని ఎండుగడ్డిమీదగాని, వరిగడ్డి వామి పక్కనగాని ఆపవద్దు. నిప్పు అంటుకొనే ప్రమాదం ఉన్నది. రెండోది, మసి కాల్చడం మాటిమాటికి మధ్యలో ఆగిపోతే డీజిలు ఇంజను ఆయిలులో కలుస్తుంది. ఆయిలు పుల్ల తీసి చూసినప్పుడు మట్టం పై గీత దాటి ఉంటే, "ఆయిలు నిండుగా ఉన్నది" అని సంతోషించవద్దు. అది పలచబడిన ఆయిలు కావచ్చు. వెంటనే చూపించండి.

ఏడోది మన వ్యవసాయ శాఖకు కూడా సంబంధించినది. కొన్ని డీజిలు బండ్లకు, లారీలకు డీజిలు ట్యాంకు పక్కన ఇంకొక చిన్న ట్యాంకు ఉంటుంది. అందులో డి.ఇ.ఎఫ్. అనే ద్రవం పోస్తారు. అది నూటికి 32.5 పాళ్ళు శుద్ధమైన యూరియా, మిగతాది శుద్ధి చేసిన నీరు. పొగలోని విషవాయువును తగ్గించడానికి అది పనికివస్తుంది. ఆ ద్రవం తక్కువైతే పి 203ఎఫ్ అనే నంబరు వస్తుంది. ద్రవం మంచిది కాకపోయినా, ఆ భాగం సరిగా పనిచేయకపోయినా పి 20ఇఇ అనే నంబరు రావచ్చు. పట్టించుకోకపోతే బండి బలం తగ్గుతుంది. కొన్ని బండ్లు ఆపిన తరువాత మళ్ళీ స్టార్టు కావు.

ఇక్కడ కొందరికి తెలివైన ఆలోచన వస్తుంది. "మన ఇంట్లో యూరియా బస్తా ఉన్నది గదా, బకెట్టు నీళ్ళలో కలిపి పోస్తే పోలా?" అని. దయచేసి ఆ పని చేయవద్దు. మన పొలం యూరియాకు వేపనూనె పూత ఉంటుంది. 2015లో దేశంలో యూరియాకు వేపపూత తప్పనిసరి చేశారు. ఆ నూనె, ఇతర మలినాలు, బోరునీటిలోని సున్నం కలిసి ఆ భాగాన్ని పూర్తిగా పాడుచేస్తవి. పదుల వేల ఖర్చు. అంతేకాదు, సబ్సిడీమీద రైతుకు ఇచ్చిన యూరియాను ఇతర పనులకు మళ్ళించడం ఎరువుల నియంత్రణ ఉత్తర్వు ప్రకారం నేరం. తోటి విస్తరణ ఉద్యోగులు ఈ మాట రైతులకు గట్టిగా చెప్పాలని మనవి.

కంప్యూటరు ఉన్న ట్రాక్టర్లలో నంబర్లు చాలావాటిలో ఇంకొక తీరుగా కనిపిస్తవి. ఎస్.పి.ఎన్. అని ఒక అంకె, ఎఫ్.ఎం.ఐ. అని ఒక అంకె. మొదటిది ఏ భాగమో చెబుతుంది. రెండోది ఏ రకం తేడానో చెబుతుంది. ఎస్.పి.ఎన్. 97 అంటే డీజిలులో నీరు. 100 అంటే ఇంజను ఆయిలు ఒత్తిడి. 110 అంటే నీటి వేడి. 157 అంటే రైలులో డీజిలు ఒత్తిడి. వీటి పక్కన ఎఫ్.ఎం.ఐ. 3, 4, 5 వచ్చినవనుకోండి. చాలాసార్లు అది కరెంటు పక్షం తేడా. వైరు తెగిందో, వైర్లు కలిసినవో, కనెక్టరు ఊడిందో, లేదా సెన్సారే పోయిందో చూడాలి. మన ఊళ్ళల్లో వైరు తెగడానికి పెద్ద కారణం ఎలుకలు. ధాన్యం ఉన్న కొట్టం పక్కన నెల రోజులు నిలిపిన బండికి నంబరు వచ్చిందంటే, ముందు బానెట్టు ఎత్తి ఎలుక కొరికిన గుర్తులు చూడండి. మూడంగుళాల వైరు అతికిస్తే పోయేదానికి సెన్సారు కొనవద్దు.

ఇప్పుడు చేయవలసిన పనులు వరుసగా చెబుతాను.

ఒకటి. నంబరు చదివించి, చెరపకముందే రాసుకోండి. కంప్యూటరు ఆ నంబరుతోపాటు ఆ క్షణాన ఇంజను ఎంత వేగంతో తిరుగుతున్నదో, ఎంత వేడిమీద ఉన్నదో కూడా దాచి ఉంచుతుంది. దాన్ని ఫ్రీజ్ ఫ్రేమ్ అంటారు. నంబరు చెరిపితే అదీ పోతుంది. చెరపడం మందు వేయడం కాదు, రోగి చీటీ చింపివేయడం.

రెండు. నంబరు పక్కన నాలుగు మాటలు మీరు కూడా రాయండి. ఎప్పుడు వచ్చింది, ఎంత బరువు ఉన్నది, మిట్ట ఎక్కుతున్నదా, డీజిలు ఎక్కడ పోయించారు. తెగులు చూడడానికి వచ్చినప్పుడు మేము విత్తనం ఏది, మందు ఏది, వాన ఎప్పుడు పడింది అని అడగమూ? మంచి మెకానిక్కుకూ ఈ వివరాలు కావాలి.

మూడు. చవకవి ముందు చూడండి. గాలి ఫిల్టరు, డీజిలు ఫిల్టరు, గొట్టాలు, క్లిప్పులు, బ్యాటరీ, వైర్లు. ఇవి సరిగా ఉన్నవని తేలిన తరువాత సెన్సారు. అటు తరువాత పంపు, టర్బో, ఇంజెక్టరు. ఖరీదైన సామాను మార్చాలని చెప్పిన మెకానిక్కును, "ఏ పరీక్ష చేసి చెబుతున్నావు, అన్నా?" అని మర్యాదగా అడగండి. పని తెలిసినవాడు ఒత్తిడి కొలిచి చూపిస్తాడు. కోపం తెచ్చుకోడు.

నాలుగు. బాగుచేసిన తరువాత నంబరు చెరిపి, బరువు వేసి నడిపి, మళ్ళీ చదివించండి. తిరిగి రాకపోతేనే బాగైనట్టు లెక్క. కొన్ని తేడాలు రెండు ప్రయాణాల్లో వరుసగా కనిపిస్తేనే దీపం వెలుగుతుంది. కనుక షాపు ముందు దీపం ఆరి ఉన్నంతమాత్రాన పని పూర్తి కాలేదు.

ఇక చేయకూడని పనులు. పాత ఇంజనులో గాలి పట్టినప్పుడు నాజిలు పైపు నట్టు వదులుచేసి డీజిలు చిమ్మేదాకా చూడడం మనకు అలవాటు. కొత్త కామన్ రైలు ఇంజనులో ఆ పని ఎన్నడూ చేయవద్దు. అందులో ఒత్తిడి వెయ్యి బార్లు దాటుతుంది. సన్నటి డీజిలు ధార చర్మాన్ని చీల్చి లోపలికి పోతుంది. చెయ్యి పోవచ్చు, ప్రాణమే పోవచ్చు. బండి బాడీకి వెల్డింగు చేయించేటప్పుడు బ్యాటరీ కనెక్షను తీయించండి. కంప్యూటరు విషయంలో బండి పుస్తకం ఏం చెప్పిందో కూడా చూడండి. ఇంజనుమీద ప్రెషరు నీళ్ళు కొట్టి కడిగితే కనెక్టర్లలో నీరు చేరుతుంది. దీపం వైరు కత్తిరించడం, డి.పి.ఎఫ్. పీకి ఖాళీ గొట్టం పెట్టించడం చట్టానికీ విరుద్ధం, బండికీ చెరుపు. ఆ పొగ పీల్చేది మన పిల్లలే.

డీజిలు నిలవ సంగతి ఒక్క మాట. నిలవ ఉంచక తప్పకపోతే శుభ్రమైన, మూత గట్టిగా ఉన్న డబ్బాలో నీడన ఉంచండి. అడుగు డీజిలు బండిలో పోయవద్దు. ఫిల్టరు కింద నీరు వదిలే మర ఉంటే, పుస్తకంలో చెప్పిన గడువుకు, ఇంజను ఆపి, నీరు వదలండి.

మా రైతు ఆ ఏడు పంట అప్పు పెంచమని మళ్ళీ అడగలేదు. బండిలో ఇప్పుడు ఒక చిన్న నోటుపుస్తకం పెట్టుకున్నాడు. మొదటి పేజీలో పి 0087, తేదీ, "డ్రమ్ము డీజిలు" అని రాసి ఉన్నది. చేను డైరీ రాయమని నేను మూడేళ్ళుగా చెబుతుంటే రాయనివాడు, ఇప్పుడు అదే పుస్తకం వెనుకనుంచి మిరపకు వేసిన ఎరువులు, కొట్టిన మందులు రాస్తున్నాడు.

మీ బండిలోనూ అటువంటి పుస్తకం ఒకటి పెట్టండి. పసుపు ఆకు చూసి బస్తా విప్పకుండా, పసుపు దీపం చూసి పర్సు విప్పకుండా, ముందు కారణం విచారించండి. మిరప కోతలు మొదలు కాకముందే ఒకసారి ఫిల్టర్లు, గొట్టాలు, బ్యాటరీ చూసుకోండి. వేలం వేళకు బండి మార్కెట్టులో ఉండాలి.